నీ నీలి చంద్రుడికి పని అప్పగించు

చిరంజీవికి,

నవల మొదటి ఆరు అధ్యాయాలు చదివాను. వాక్యం నీ చేతిలో చక్కగా నడుస్తోంది. ఈ మాట ముందే చెప్పేస్తున్నాను, ఎందుకంటే ఇక రాయబోయేదంతా తగాదా. తగాదా నీతో కాదు, నీ ఆకాశంలోని నీలి చంద్రుడితో.

మన చంద్రుడికి రెండింతల వెడల్పు ఉంటాడని వర్ణించావు. అందంగానే ఉన్నాడు. కానీ ఆరు అధ్యాయాల్లో ఒక్క పనైనా చేయలేదు. పైగా వేళాపాళా లేకుండా తిరుగుతున్నాడు. మొదటి అధ్యాయంలో అర్ధరాత్రి నడినెత్తిన నిండు చంద్రుడు, రెండు రోజులు గడిచేసరికి సంధ్యవేళ తూర్పున నెలవంక! సాయంత్రపు నెలవంక పడమటే కనిపిస్తుంది. తూర్పున కావాలంటే తెల్లవారుజామున లేవాలి. పున్నమి చంద్రుడు సూర్యుడు అస్తమించే వేళకు ఉదయిస్తాడు. మంత్రాలు పనిచేసే లోకమైనా, చంద్రుడు సూర్యుడి వెలుగుతోనే మెరుస్తున్నంత కాలం ఇది మారదు. కాదు, నా చంద్రుడు స్వయంప్రకాశి అంటావా, అనవచ్చు. అప్పుడు అతనికి కళలు ఉండవు, నెలవంకను వదులుకోవాలి. ఏదో ఒకటి తేల్చుకో.

రెండింతల వెడల్పు అన్నావు కదా, దాన్నే పట్టుకుందాం. మన చంద్రుడు సగటున 3,84,400 కిలోమీటర్ల దూరంలో ఉన్నాడు. అదే చంద్రుణ్ని సగం దూరానికి లాగితే నువ్వు కోరిన పరిమాణం వస్తుంది, వెన్నెల నాలుగింతలవుతుంది. ఆకాశం అంతటితో ఊరుకోదు. దగ్గరి చంద్రుడు త్వరగా చుట్టి వస్తాడు కాబట్టి పున్నమికీ పున్నమికీ మధ్య 29.5 రోజులు కాదు, సుమారు 10 రోజులే. మన చంద్రుడు రోజుకు సుమారు 50 నిమిషాలు ఆలస్యంగా ఉదయిస్తాడు. నీ చంద్రుడి ఆలస్యం రెండున్నర గంటలు దాటుతుంది.

ఇక సముద్రం. చంద్రుడి దూరం సగమైతే ఆటుపోట్లను లేపే బలం ఎనిమిది రెట్లవుతుంది. తీరం ఆకారం తోడైతే నీరు ఎంత పెరుగుతుందో చెప్పడానికి మన భూమి మీదే కెనడాలోని ఫండీ అఖాతం ఉంది. అక్కడ పోటుకూ పాటుకూ తేడా 16 మీటర్ల దాకా వెళ్తుంది. అది ఇప్పుడున్న చంద్రుడితోనే! నువ్వేమో రాజభవనం మెట్లను నేరుగా అలల్లోకి దించావు. ఆ భవనం ఏ కొండకొమ్ము మీదికో పోవాలి. పాటు వేళ రేవులోని ఓడలన్నీ బురదలో ఒరిగి పడి ఉండాలి. పోటు ఎప్పుడు వస్తుందో లెక్కగట్టే వాళ్లకు సేనాపతి కంటే ఎక్కువ పలుకుబడి ఉండాలి. ఇప్పుడు నీ పడవవాడి సంగతి చూడు. మూడో అధ్యాయంలో తనకు బుద్ధి పుట్టినప్పుడు పడవ విప్పి పారిపోయాడు. కొత్త సముద్రంలో అది సాగదు. మనకు పోటుకూ పోటుకూ మధ్య 12 గంటల 25 నిమిషాలైతే అక్కడ 13 గంటల పైచిలుకు. నీరు వచ్చే వేళ అతనికి తెలుసు, వెంటాడే భటులకూ తెలుసు. అంతవరకు ఎక్కడ దాక్కుంటాడు? నువ్వు ఎనిమిది పేజీల్లో వర్ణనతో తేవాలని చూసిన ఉత్కంఠ ఈ ఒక్క ప్రశ్నలో ఉంది.

నెల పది రోజులదైతే డబ్బు లెక్కలూ మారతాయి. నెలవారీ వడ్డీ అంటే అక్కడ ప్రాణం తీసే మాట. పదిహేనేళ్ల పిల్ల తన వయసు ఐదువందల యాభై పున్నములని చెబుతుంది. నాలుగింతల వెన్నెల పొలం పనివాళ్లకు మేలు, దొంగలకు చేటు. రాత్రి కూలికి వేరే రేటు ఉంటుందా? యజమాని పున్నమి రాత్రుల్లోనూ పని చేయిస్తాడా? నాకైతే నీ రాజకుమారి కంటే ఈ సంగతులమీదే ఆసక్తి ఎక్కువ, అది వేరే విషయం.

రంగు గురించి పెద్దగా చెప్పేదేమీ లేదు, నీలంగానే ఉండనీ. కాకపోతే నాలుగో అధ్యాయంలో కాపలావాడు వెన్నెల్లో ఎర్ర కండువాను అల్లంత దూరం నుంచి గుర్తుపట్టాడు. మసక వెలుగులో కంటికి అన్నిటికంటే ముందు నల్లబడేది ఎరుపే. తెల్ల కండువా వేయి, చాలు.

నీలి చంద్రుడికి తోడుగా నువ్వు పెట్టిన రెండో చంద్రుణ్ని తీసేయి. అతనున్న వాక్యాలన్నీ కొట్టేసి చదివాను, కథలో ఎక్కడా వెలితి కనిపించలేదు. వింత కోసం పెట్టానంటావేమో. వింతే కావాలంటే అంగారకుడి చంద్రుడు ఫోబోస్‌ను చూడు. గ్రహం నేలకు సుమారు 6,000 కిలోమీటర్ల ఎత్తున, 7 గంటల 39 నిమిషాలకొకసారి చుట్టి వస్తాడు. గ్రహం తన చుట్టూ తాను తిరిగేదానికంటే వేగంగా పోతాడు కాబట్టి పడమట ఉదయించి తూర్పున అస్తమిస్తాడు. అలాంటి చంద్రుడున్న ఊళ్లో దిక్కుల మీద ప్రజలకు ఎలాంటి నమ్మకాలు పుడతాయో ఆలోచించు. అయితే అది మరో నవల, దీనిలోకి లాగకు.

ఈ లెక్కలేవీ పుస్తకంలో పెట్టకు. దూరాలూ రెట్లూ నీ నోటుపుస్తకంలో ఉండాలి. పాఠకుడికి బురదలో ఒరిగిన ఓడ కనబడితే చాలు. ఎందుకు ఒరిగిందో వివరించడానికి ముసలి జ్యోతిష్కుణ్ని రంగంలోకి దించావంటే నేను అక్కడే పుస్తకం మూసేస్తాను.

ఇక ఆరో అధ్యాయంలోని జోస్యం. చంద్రుడు ఎర్రబడిన రాత్రి రాజ్యం కూలుతుందట. సంపూర్ణ గ్రహణంలో చంద్రుడు ఎర్రబడతాడు, నిజమే. కానీ నీ చంద్రుడు దగ్గరగా ఉన్నాడు, అక్కడ భూమి నీడ ఇంకా వెడల్పు. పున్నములా, ఏడాదికి 36 దాటతాయి. కక్ష్య వాలు మనదానిలాగే ఉంటే ఆ లోకంలో చంద్రుడు ఏటా చాలాసార్లు ఎర్రబడతాడు. దానికి ఏ రాజు వణుకుతాడు? జోస్యాన్ని తిరగేసి చూడు: ఏడాదంతా ఒక్కసారి కూడా ఎర్రబడకపోతే? అప్పుడు పోటు లెక్కలు కట్టేవాళ్ల గుండెలు ముందుగా జారతాయి, ఎందుకంటే చంద్రుడు దారి తప్పాడని వాళ్లకే మొదట తెలుస్తుంది. వాళ్లు రాజుకు చెబుతారా, దాస్తారా?

మిగతా అధ్యాయాలు ఇప్పుడే పంపవద్దు. ముందు పడవవాడి రాత్రిని కొత్త పోటు వేళలకు సరిపడేలా తిరగరాసి, ఆ మూడో అధ్యాయం ఒక్కటే పంపు.

ఆశీస్సులతో.