‘డ్యూటీ చేశారు’ అంటే తీరే బాధ కాదు

ప్రశ్న: మేము చెన్నై ఆవడిలో ఉంటాము. మా మామగారు సైన్యంలో సుబేదారుగా పదవీ విరమణ చేశారు. 1987లో శ్రీలంక వెళ్లిన శాంతి సేనలో ఉన్నారు గాని, ఆ రోజుల గురించి ఎన్నడూ నోరు విప్పలేదు. ఈమధ్య రాత్రిపూట లేచి, మా బాబు పడుకున్న గది గుమ్మంలో నిలబడుతున్నారు. ఒకసారి నాతో “ఆ ఇంట్లో పిల్లవాడున్నాడని తెలియదమ్మా” అన్నారు. మావారు “మీ డ్యూటీ మీరు చేశారు నాన్నా, మరిచిపోండి” అన్నప్పటి నుంచి ఎవరితోనూ సరిగా మాట్లాడటం లేదు. ఏం చేయాలి?
— ఒక కోడలు

జవాబు: మీవారు ప్రేమతోనే అన్నారు. అయితే ఇన్నేళ్లు కడుపులో దాచుకున్న సంగతి ఒక్క ముక్క బయటికి రాగానే సమర్థించేస్తే, మిగిలినది చెప్పుకునే వీలు ఆయనకు లేకుండా పోతుంది.

ఉలికిపాటు, పీడకలలు, జరిగినది మళ్లీ కళ్ల ముందు కదలడం వంటి లక్షణాలను అమెరికా మానసిక వైద్యుల సంఘం 1980లో పీటీఎస్‌డీ (ఘోరమైన అనుభవం తరువాత మిగిలే మానసిక రుగ్మత) పేరుతో వ్యాధుల జాబితాలో చేర్చింది. వియత్నాం యుద్ధంలో పాల్గొన్న సైనికులకు చికిత్స చేసిన జోనథన్ షే ఆ తరువాత మరొక బాధను గుర్తించి, దానిని నైతిక గాయం అన్నారు. తాను చేసినదో, ఆపలేకపోయినదో, పైవారు చేయించినదో ధర్మం కాదని సొంత మనసే నిలదీస్తూ ఉండటం ఈ గాయం లక్షణం.

శాంతి సేనకు ఈ బాధ మరీ ఎక్కువగా తగలడానికి కారణాలున్నాయి. తమిళులకు రక్షణగా వెళుతున్నామనుకున్నవారు 1987 అక్టోబరుకల్లా జాఫ్నా వీధుల్లో తమిళ వేర్పాటువాద సాయుధ సంస్థ ఎల్‌టీటీఈతో పోరాడవలసి వచ్చింది. లుంగీ కట్టుకుని ఎదురుపడినవాడు మామూలు మనిషో, ఆయుధం దాచినవాడో క్షణంలో తేల్చుకోవలసిన పరిస్థితి అది. మన సైనికులు సుమారు 1,200 మంది మరణించారు, అక్కడి సామాన్యులూ మరణించారు. 1990 మార్చిలో చివరి దళాలు మద్రాసు రేవులో దిగితే, తమిళులపైనే పోరాడారన్న నిరసనతో అప్పటి ముఖ్యమంత్రి కరుణానిధి స్వాగతం పలకడానికి వెళ్లలేదు. ఆయన కారణాలు ఆయనకుండవచ్చు. యుద్ధాన్ని నిర్ణయించని జవాన్లు ఆ నిరసనను మోయవలసి రావడం మాత్రం అన్యాయమని నా అభిప్రాయం.

ఆయన చేసినది తప్పో ఒప్పో మీరెవరూ తేల్చవద్దు. మొదట మీతోనే అన్నారు గనుక, “మామయ్యగారూ, ఆ రోజు సంగతి చెప్పాలనిపిస్తే నేను వింటాను” అని మీరే అనండి. చెబుతుంటే మధ్యలో ఓదార్చకండి. ఇష్టపడకపోతే బలవంతపెట్టకుండా, ఆనాటి పల్టన్ సహచరులెవరైనా ఉంటే కలిపించండి. గుమ్మంలో నిలబడుతున్నారని భయపడి బాబును ఆయనకు దూరం చేయకండి.

నిద్ర పట్టకపోయినా, మద్యం పెరిగినా మాజీ సైనికుల వైద్య పథకమైన ఈసీహెచ్‌ఎస్ పాలీక్లినిక్‌కు తీసుకెళ్లి, మానసిక వైద్యునికి చూపించమని అడగండి. ప్రభుత్వ మానసిక ఆరోగ్య సహాయవాణి టెలీ మానస్ 14416 నంబరుకు ఉచితంగా ఫోన్ చేసి మీరూ సలహా పొందవచ్చు. “నేను బతికి ఏం లాభం” వంటి మాట ఆయన నోట వస్తే మాత్రం తెల్లవారేదాకా ఆగకుండా, ఆయనను ఒంటరిగా వదలకుండా వెంటనే ఆసుపత్రికి తీసుకెళ్లండి.