రోమన్ నాణేలను గుర్తించడానికి ఏ పుస్తకాలు చూడాలి?

ముందుగా నాణెం గణతంత్ర కాలానిదా, చక్రవర్తుల కాలానిదా తేల్చుకోవాలి. గణతంత్ర కాలానికి మైకేల్ క్రాఫర్డ్ 1974లో ప్రచురించిన ‘రోమన్ రిపబ్లికన్ కాయినేజ్’ నేటికీ ప్రామాణికం. చక్రవర్తుల నాణేలకు 1923లో మొదలైన ‘రోమన్ ఇంపీరియల్ కాయినేజ్’ సంపుటాలు ఉన్నాయి. మొదటి సంపుటం కొనేటట్లయితే సదర్లాండ్ సవరించిన 1984 ముద్రణే తీసుకోండి. పాత ముద్రణలో ఒక్కో రకం నాణేనికి ఇచ్చిన వరుస సంఖ్యలు వేరు, అనవసరంగా తికమక పడతారు.

ఉదాహరణకు టిబేరియస్ వెండి దినారం తీసుకోండి. ముందువైపు పత్రకిరీటం పెట్టుకున్న చక్రవర్తి తల ఉంటుంది. వెనకవైపు రాజదండం, కొమ్మ పట్టుకుని కూర్చున్న స్త్రీ, చుట్టూ ‘పాంటిఫ్ మాక్సిమ్’ (ప్రధాన పూజారి అన్న బిరుదుకు పొట్టి రూపం) అన్న అక్షరాలు. ఇంతవరకు అన్నీ ఒకేలా కనిపిస్తాయి. కానీ ఆమె కుర్చీ కాళ్లు సాదాగా ఉన్నాయా, నగిషీతో ఉన్నాయా అన్నదాన్ని బట్టి పుస్తకంలో సంఖ్య మారిపోతుంది. అందుకే భూతద్దం లేకుండా ఈ పుస్తకాలు తెరిచి లాభం లేదు.

మన ప్రాంతంలో దొరికిన నాణేల గురించి అయితే పరమేశ్వరీలాల్ గుప్తా రాసిన ‘రోమన్ కాయిన్స్ ఫ్రమ్ ఆంధ్రప్రదేశ్’ (1965) తప్పక చూడాలి. దక్షిణ భారతంలో దొరికిన రోమన్ నాణేల్లో కొన్నింటి మీద చక్రవర్తి ముఖానికి అడ్డంగా ఉలిగాటు ఉంటుంది. పుదుక్కోట్టై నిధిలోని బంగారు నాణేలు ఇందుకు ప్రసిద్ధి. గాటు ఉందని నాణేన్ని నకిలీగా కొట్టిపారేయకండి.

సంపుటాలు ఖరీదైనవి. చక్రవర్తుల నాణేల జాబితాను అమెరికన్ న్యూమిస్మాటిక్ సొసైటీ ఇంటర్నెట్‌లో ఉచితంగా ఉంచింది, దానితో మొదలుపెట్టండి.