సెయ్యూ అవుతానంటోంది, బీటెక్ మానిపించాలా?

ప్రశ్న: మా అమ్మాయి ఇంటర్ సెకండియర్, ఎంపీసీ. జపాన్ వెళ్లి అనిమేలకు, అంటే అక్కడి కార్టూన్ సినిమాలు, సీరియళ్లకు గొంతునిచ్చే నటి, అదే సెయ్యూ, అవుతానంటోంది. టోక్యోలో రెండేళ్ల కోర్సు చేస్తే ఉద్యోగం ఖాయమని ఒక కన్సల్టెన్సీ చెప్పింది. స్థలం అమ్మి పంపాలా, బీటెక్‌లో చేర్చాలా?
– ఒక తల్లి, గుంటూరు

జవాబు: స్థలం జోలికి వెళ్లకండమ్మా. మీ బెంగ కోర్సు గురించి కాదు, పిల్ల చెయ్యి జారిపోతుందేమోనని. నటిస్తానన్నంత మాత్రాన చెడిపోయినట్టు కాదు. పొద్దస్తమానం ‘కార్టూన్ పిచ్చి’ అని దెప్పడం మానండి. ఆ దెప్పుళ్లు పడలేకే పిల్లలు కన్సల్టెన్సీల మాట నమ్ముతారు.

అలాగని ఈ దారి మీద నాకు నమ్మకం ఎక్కువేమీ లేదు. సెయ్యూలకు పని ఇప్పించే ఏజెన్సీలో కొత్తగా చేరిన జూనియర్‌కు అరగంట ఎపిసోడ్‌కు 15,000 యెన్లు. ఒక్క కేక పెట్టినా, వంద డైలాగులు చెప్పినా అంతే. అందులోంచే ఏజెన్సీ వాటా, పన్ను. నెలకు నాలుగు ఎపిసోడ్లు దొరికాయనుకున్నా 60,000. టోక్యోలో చిన్న గది అద్దెకే చాలీచాలదు. ఆ నాలుగు దొరకడమే గగనం. జూనియర్ గడువు మూడేళ్లు దాటాక రేటు పెరుగుతుంది, అప్పుడు చవగ్గా వచ్చే కొత్తవాళ్లకే పిలుపులు పోతాయి. పైగా ఇప్పుడు అమ్మాయిలకు గొంతొక్కటే సరిపోదు. పాట, డాన్సు, స్టేజీ ఈవెంట్లు కూడా అడుగుతారు.

పని కూడా చెప్పుకున్నంత తేలిక కాదు. స్టూడియోలో మూడు నాలుగు మైకులు, పది మందికి పైగా నటులు. తన వంతు రాగానే అడుగుల చప్పుడు లేకుండా మైకు దగ్గరికి వెళ్లాలి, స్క్రిప్టు పేజీ తిప్పినా వినబడకూడదు. చాలాసార్లు బొమ్మ కూడా పూర్తయి ఉండదు, గీతల మీదే చెప్పాలి. జపనీస్‌లో దీర్ఘాలు మనకు అలవాటే గానీ మాటలో స్వరం ఎక్కడ దించాలన్నది మన చెవికి పట్టదు. ఒసాకా పిల్లలే టోక్యో యాస కూర్చుని నేర్చుకుంటారు.

రెండేళ్ల కోర్సుకు స్టూడెంట్ వీసా వస్తుంది, వారానికి 28 గంటలు పార్ట్‌టైమ్ చేసుకోవచ్చు. ఏజెన్సీల సొంత శిక్షణ కేంద్రాల్లో క్లాసులు చాలావరకు వారానికి ఒకటి రెండు రోజులే, వాటికి ఆ వీసా రాదు. కానీ ఏజెన్సీలు మనుషుల్ని ఎక్కువగా ఏరుకునేది అక్కడే. అందుకే రెండేళ్లు చదివినవాళ్లూ మళ్లీ అక్కడే చేరతారు.

భయపడకండి, దారులు మూసుకుపోలేదు. పేరున్న సెయ్యూ మెగుమి హయాషిబారా నర్సింగ్ చదువుతూనే శిక్షణ తీసుకుంది. బీజింగ్‌లో పుట్టిన ల్యూ సెయిరా జపనీస్ బాగా నేర్చుకున్నాకే ఆవోని ప్రొడక్షన్ అనే ఏజెన్సీలో చేరింది. మీ అమ్మాయినీ డిగ్రీ చెయ్యనివ్వండి. బీటెక్ అయినా సరే, హైదరాబాద్‌లోని భాషల యూనివర్సిటీ ఇఫ్లూలో జపనీస్ అయినా సరే. జపనీస్ పరీక్షల్లో అన్నిటికన్నా పైదైన ఎన్1 స్థాయి వచ్చేలోపు నాటకాల్లో వేషాలు వెయ్యనివ్వండి. అనిమేలు ఇప్పుడు తెలుగులోనూ డబ్ అవుతున్నాయి, ఆ ఆడిషన్లకూ వెళ్లి చూడమనండి.

ఆ కన్సల్టెన్సీ వాళ్లను మాత్రం ఒక్కటడగండి: ఏ ఏజెన్సీ తీసుకుంటానందో, ఆ ఒప్పందం కాగితం చూపించమని.