ఖాళీ గడులకు కారణం రాసుకో

కర్నూలు

చిరంజీవికి ఆశీస్సులు.

నాయనా, నీ ఉత్తరం అందింది. పద్దెనిమిదేళ్లుగా కాలువ మీద దినకూలీగా పనిచేస్తున్నా, సర్వీసులో మూడు బ్రేకులు ఉన్నాయని పర్మనెంటు చేసేవారి జాబితాలో నీ పేరు కొట్టేశారని రాశావు. మీ నాన్నతో కలిసి పనిచేసినవాణ్ని. ఇలాంటి ఫైళ్లు ముప్పై ఏళ్లు చూసినవాణ్ని. కాస్త నిదానంగా చదువు.

1994 ఏప్రిల్ 22న జీవో 212 వచ్చింది. 1993 నవంబర్ 25 నాటికి అయిదేళ్లు ఎడతెగకుండా చేసి, ఆ రోజుకు పనిలో ఉన్నవారిని క్రమబద్ధీకరించమన్నారు, అంటే పర్మనెంటు చేయమన్నారు. మా ఆఫీసులో ఆ జాబితా రాసింది నేనే. ఒక తూము కాపలాదారు మస్టరులో, అంటే హాజరు పట్టీలో, పదిహేడు గడులు ఖాళీ. అటూ ఇటూ ఊదారంగు వేలిముద్రలు, మధ్యలో ఉత్త కాగితం. కామెర్లతో ఆసుపత్రిలో ఉన్నాడని మాకందరికీ తెలుసు. ఆసుపత్రి చీటీ మాత్రం లేదు. ఫైలు తిరిగొచ్చింది. ఆ చీటీ సంపాదించుకోమని ముందే చెప్పాల్సినవాణ్ని, చెప్పలేదు. ఆ మనిషి కూలీగానే పోయాడు. అందుకే నీకు ఇంత వివరంగా రాస్తున్నాను.

బ్రేకులన్నీ ఒకటి కావు. నీ మూడూ మూడు రకాలు. మొదటిది 2009 అక్టోబరు. తుంగభద్ర, హంద్రీ కలిసి ఊరిని ముంచిన రోజుల్లో పని ఆగింది. అది నీ తప్పు కాదు. వరద సాయం కాగితం ఇంట్లో ఉంటే వెతుకు. రెండోది అసలు బ్రేకే కాదు. పని చేయించుకుంటూనే మస్టరులో పదకొండు రోజులు పేరు ఎక్కించలేదు. ఆ రోజుల్లో తూము దగ్గర నీటిమట్టం రాసింది నువ్వే కదా! ఆ గేజి పుస్తకంలో నీ చేతిరాత ఉంటుంది. దాని నకలు అన్నిటికంటే ముందు తీసుకో. మూడోది చెల్లెలి పెళ్లికి నువ్వు మానేసిన నెల. దాన్ని దాచకు. ఉన్నది ఉన్నట్టు రాసి, ఆ విరామాన్ని మన్నించమని అడుగు. ఒక్క తేదీ అబద్ధమని తేలితే మిగతా రెండూ నమ్మరు.

నకళ్లకు సమాచార హక్కు కింద అర్జీ పెట్టు. మండల స్థాయిలో 5 రూపాయలు, జిల్లా ఆఫీసులో 10. ముప్పై రోజుల్లో జవాబు రావాలి. మస్టర్ రోల్స్, కూలి చెల్లించిన వోచర్లు, గేజి పుస్తకాలు పేరు పేరునా, ఏ నెలవో అడుగు. వరదలో తడిసి పాడయ్యాయంటే ఆ మాటే రాతపూర్వకంగా తీసుకో. రికార్డు కాపాడాల్సింది వాళ్లు కాబట్టి రేపు కోర్టులో ఆ జవాబు నీకే పనికొస్తుంది.

జబ్బు వల్ల గానీ, తన తప్పు లేకుండా గానీ పని ఆగితే సర్వీసు తెగినట్టు కాదని, 2025 నవంబరు దాకా అమల్లో ఉన్న 1947 పారిశ్రామిక వివాదాల చట్టం 25బి సెక్షను చెప్పింది. ఏడాదికి 240 రోజుల లెక్క అక్కడిదే. అయితే 240 రోజులు నిండితే పర్మనెంటు అవుతుందనే మాట నమ్మకు. ఆ లెక్క నీ సర్వీసు ఎడతెగలేదని చూపుతుంది, పోస్టు ఇప్పించదు. 2006లో ఉమాదేవి కేసులో సుప్రీంకోర్టు, మంజూరైన పోస్టుల్లో కోర్టు ఉత్తర్వుల అండ లేకుండా పదేళ్లు చేసినవారిని ఒకసారికి క్రమబద్ధీకరించమంది. చాలా ఆఫీసులు ఆ తీర్పునే చూపి అర్జీలు తిప్పికొట్టాయి. 2024 డిసెంబరులో జగ్గో కేసులో అదే కోర్టు ఆ ధోరణిని తప్పుపట్టింది. ఆ కేసు వేసింది కేంద్ర జల సంఘం ఆఫీసులో ఊడ్చే పని వంటివి ఏళ్ల తరబడి చేసినవారే. వారిని క్రమబద్ధీకరించమని తీర్పు వచ్చింది. అర్జీలో ఆ కేసు పేరు తప్పకుండా రాయి. నీది కూడా ఏడాది పొడవునా కావాల్సిన పనే అని చెప్పు.

అర్జీ ఇచ్చాక నీ కాపీ మీద తేదీతో ముద్ర, ఇన్‌వార్డు నంబరు వేయించుకోకుండా కదలకు. ‘సొంత కారణాలతో మానేశాను’ అని రాసున్న కాగితం మీద ఎవరు అడిగినా సంతకం పెట్టకు. పని చేయిస్తానని డబ్బు అడిగేవాడికి పైసా ఇవ్వకు. ఆ డబ్బు దాచుకో. జవాబు రాకపోతే ఆఫీసు మీద హైకోర్టులో రిట్ పిటిషను వేయాలి, ఖర్చుంటుంది.

వచ్చే ఆదివారం అన్నీ పట్టుకుని రా. అర్జీ ఇద్దరం కూర్చుని రాద్దాం. చెల్లెలి పెళ్లి శుభలేఖ ఉంటే అదీ తీసుకురా, తేదీ కావాలి.