వదిలేసిన చోట వెతుకు

చిరంజీవికి,

పోలిష్ దర్శకుడు క్రిస్టాఫ్ కీస్లోవ్‌స్కీ మీద నువ్వు రాసిన వ్యాసం అందింది. రెండుసార్లు చదివాను. మొదటి పేజీలో 1941లో వార్సాలో పుట్టాడు, చివరి పేజీలో 1996 మార్చిలో గుండె ఆపరేషన్ తర్వాత పోయాడు. నడుమ బహుమతులే బహుమతులు. శుభలేఖలో బంధుమిత్రుల పేర్లు చదివినట్టుంది. తప్పులు లేవు, మనిషీ లేడు.

నేనైతే ఆయన వదిలేసినవాటి దగ్గర మొదలుపెడతాను.

తండ్రికి క్షయ. శానిటోరియంల వెంట కుటుంబం ఊళ్లు మారుతూ తిరిగింది. ఈ కుర్రవాడు అగ్నిమాపక శిక్షణలో చేరి మూడు నెలల్లో బయటపడ్డాడు. తర్వాత రంగస్థల సాంకేతిక విద్య చదివి, నాటక దర్శకుడు కావాలనుకున్నాడు. దానికి పై చదువు ఉండాలి కనుక వూచ్ నగరంలోని సినిమా స్కూలు గుమ్మం తొక్కాడు. రెండుసార్లు తీసుకోలేదు. మూడోసారి సీటు దొరికేసరికి నాటకం మీద మోజే పోయింది! దీన్ని నువ్వు ‘అచంచలమైన పట్టుదల’ అని ఒక్క ముక్కలో తేల్చేశావు. నాకది వట్టి మొండితనంలా కనిపిస్తుంది. అలాగే రాయి, మనిషి దగ్గరవుతాడు.

ఇక అసలు సంగతి. ‘తర్వాత కథాచిత్రాల వైపు మళ్లాడు’ అని రాశావు. ఎందుకు మళ్లాడు? పదేళ్లకు పైగా డాక్యుమెంటరీలు తీసిన చెయ్యి ఊరికే ఆగుతుందా?

1980 నాటి ‘స్టేషన్’ డాక్యుమెంటరీ గురించి నీకు తెలియకపోదు. వార్సా రైల్వే స్టేషన్‌లో రాత్రివేళ సామాను లాకర్ల దగ్గర జనాన్ని చిత్రిస్తున్నారు. ఒక రాత్రి పోలీసులు వచ్చి ఫిల్మంతా పట్టుకుపోయారు. తల్లిని చంపిన ఒక అమ్మాయి శవాన్ని సూట్‌కేసుల్లో పెట్టి ఆ లాకర్లలోనే దాచిందట. ఆమె ఈ ఫిల్ములో పడిందేమోనని వాళ్ల ఆశ. పడలేదు. కానీ కెమెరా కాస్త అటు తిరిగి ఉంటే? తనకు తెలియకుండానే తాను పోలీసుల మనిషి అయిపోయేవాడు. డాక్యుమెంటరీల మీద ఆయనకు మనసు విరిగింది అక్కడే. అంతకుముందే, ఎదుటివాళ్ల నిజమైన కన్నీళ్లను చిత్రించే హక్కు తనకుందా అన్న బెరుకు ఉండేది. నటులైతే గ్లిజరిన్ ఉంది కదా, ఎవరి గుండెనూ తవ్వనక్కర్లేదు.

అయితే కథ ఇక్కడితో సరిపోదు, సరిపోకపోవడమే మన అదృష్టం. 1982లో, సైనిక పాలన రోజుల్లో, రాజకీయ కేసుల విచారణలు చిత్రించడానికి కోర్టులకు వెళ్లాడు. కెమెరా ఎదురుగా ఉంటే న్యాయమూర్తులకు శిక్ష వేయడానికి చెయ్యి రాలేదు. న్యాయవాదులు ఇది పసిగట్టి, తమ కేసులకు రమ్మని బతిమాలుకునేవారు. స్టేషన్‌లో ఒకరిని పట్టించబోయిన యంత్రమే కోర్టులో కొందరిని కాపాడింది! ఆ కోర్టుల్లోనే న్యాయవాది పీసీవిచ్ పరిచయమయ్యాడు. బైబిలు పది ఆజ్ఞల మీద తీసిన ‘డెకలాగ్’ పది చిత్రాలూ, ఆ తర్వాతి సినిమాలూ ఇద్దరూ కలిసి రాసినవే. నువ్వు పీసీవిచ్‌ను ‘సహ రచయిత’ అన్న మాటతో సరిపెట్టావు. అన్యాయం కాదూ?

స్టేషన్‌కూ కోర్టుకూ నడుమ రెండేళ్లే. నీ వ్యాసం అక్కడ కూర్చోవాలి. నాలుగు పేజీలు అక్కడే ఖర్చు పెట్టు, బాల్యానికి ఒక పేరా చాలు. 1994లో ఇక సినిమాలు తీయనని ప్రకటించినప్పుడు ‘అలసిపోయాడు’ అని నువ్వే తీర్పు చెప్పకు. ఒకసారి కెమెరా దించినవాడు మళ్లీ దించుతున్నాడని పాఠకుడికే అనిపించనీ.

ప్రతి తిప్పి పంపుతున్నాను. బహుమతుల పేజీ మాత్రం నా దగ్గరే ఉంచుకున్నాను. దసరా లోపల పంపితే చూస్తాను.

ఆశీస్సులతో,
మీ మాస్టారు