బొమ్మలు కాదు, ముందు కొలతలు చూపించు

బీఎఫ్‌ఏ (ఫైన్ ఆర్ట్స్ డిగ్రీ) అయ్యాక సినిమా ఆర్ట్ డైరెక్టర్ దగ్గర అసిస్టెంట్‌గా చేరదామని వెళ్తే, పెయింటింగులు తిరగేసి ‘తర్వాత చూద్దాం’ అన్నారని రాశావు కదా తమ్ముడూ. టెన్షన్ పడకు, ఈసారి సెట్ డ్రాయింగులు పట్టుకెళ్లు. అందుకు మీ ఇంటి వంటగదినే తీసుకో. ప్లాన్ (పైనుంచి చూసినట్టు), ఎలివేషన్ (గోడను ఎదురుగా చూసినట్టు) స్కేలుకి గీసి, కెమెరా కోసం ఏ గోడ ఊడదీయొచ్చో గుర్తు పెట్టు. పొయ్యి వెనక మసి, స్విచ్‌బోర్డు చుట్టూ చేతి మరకలు కూడా చూపించు. సెట్ మరీ కొత్తగా ఉంటే దొరికిపోయేది అక్కడే! థర్మాకోల్‌తో చిన్న మోడల్ చేస్తే ఇంకా మంచిది.

సినిమా మొత్తం రూపు ఆలోచించేది ప్రొడక్షన్ డిజైనర్, దాన్ని కట్టించేది ఆర్ట్ డైరెక్టర్. మన దగ్గర చాలాసార్లు రెండూ ఒకరే. ‘మాయాబజార్’ (1957)కు కళాధర్‌తో కలిసి ఆర్ట్ డైరెక్టర్‌గా పనిచేసిన మాధవపెద్ది గోఖలే కూడా నీలాగే చిత్రకారుడే. ఈ పనికి కోర్సు కావాలంటే పుణెలోని ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ ఎఫ్‌టీఐఐలో ఉంది.