మంగోలియా దర్శకురాలి దారిలో మా అమ్మాయి వెళ్లగలదా?

ప్రశ్న: మా అమ్మాయి బీకాం ఫైనలియర్. మంగోలియా దర్శకురాలు లఖగ్వదులం పురెవ్-ఒచిర్‌లా తానూ యూరప్‌లో చదివి సినిమాలు తీస్తానని పట్టుబట్టింది. ఊళ్లో ఉన్న ప్లాటు అమ్మి పంపమంటారా?
– ఓ తండ్రి, ఖమ్మం

జవాబు: ప్లాటు జోలికి ఇప్పుడే వెళ్లకండి. మీ అమ్మాయి మాత్రం మంచి పేరే పట్టుకుంది. ఆ దర్శకురాలి ఊరు మంగోలియా రాజధాని ఉలాన్‌బాతర్. టర్కీలో సినిమా డిగ్రీ చేసి, ఆపైన యూరోపియన్ యూనియన్ ఇచ్చే ఎరాస్మస్ స్కాలర్‌షిప్‌తో 'కినోఐస్' మాస్టర్స్‌లో చేరారు. లిస్బన్, టాలిన్, ఎడిన్‌బరోలలోని యూనివర్సిటీలు కలిసి నడిపే కోర్సు అది. అక్కడ ఆమె చదివింది డైరెక్షన్ కాదు, స్క్రీన్‌ప్లే. ఈ సంగతి మీ అమ్మాయికి తప్పకుండా చెప్పండి.

2020లో ఆమె షార్ట్‌ఫిల్మ్ 'మౌంటెన్ క్యాట్' ఫ్రాన్స్‌లోని కాన్ ఫిల్మ్ ఫెస్టివల్ పోటీకి ఎంపికైంది. 2022లో 'స్నో ఇన్ సెప్టెంబర్' వెనిస్ ఫిల్మ్ ఫెస్టివల్‌లోని ఒరిజోంటి అనే విభాగంలో ఉత్తమ లఘుచిత్రం. 2023లో తొలి పెద్ద సినిమా 'సిటీ ఆఫ్ విండ్' అదే విభాగానికి వెళ్తే, అందులోని కుర్రాడు తెర్గెల్ బోల్డ్-ఎర్దెనెకు ఉత్తమ నటుడి అవార్డు వచ్చింది.

అవార్డుల కంటే నాకు ముఖ్యమనిపించేది వేరే ఉంది. 'మౌంటెన్ క్యాట్'లో ఒక తల్లి తన కూతుర్ని బలవంతంగా షామన్ దగ్గరికి, అంటే మన పూనకం వచ్చే గణాచారి లాంటి మనిషి దగ్గరికి తీసుకెళ్తుంది. ఆ వేషం వెనకున్నది ఎవరో ఆ పిల్లకు తెలిసిపోతుంది. 'సిటీ ఆఫ్ విండ్'లో కథ ఆ వేషం వేసుకున్నవాడి వైపు నుంచి నడుస్తుంది: పదిహేడేళ్ల వాడు, పగలు బడి, మిగతా వేళల్లో పూజలు. చిన్న సినిమాలో తవ్విన చోటే పెద్ద సినిమాకు నీళ్లు పడ్డాయి. మనవాళ్లేమో షార్ట్‌ఫిల్మ్ యూట్యూబ్‌లో పెట్టి, వ్యూస్ లెక్కపెట్టుకుని, మర్నాటికి ఆ కథే మర్చిపోతారు.

2023లోనే తన సినిమాతో కాన్‌కు వెళ్లిన మరో మంగోలియా దర్శకురాలు జోల్జర్గల్ పురెవ్‌దాష్ చదివింది టోక్యోలో. ఆమె కథా ఉలాన్‌బాతర్ గుడారాల బస్తీల్లోనిదే, చలికాలం బొగ్గు కొనడానికి డబ్బుల్లేని ఇంటిది.

ఇక డబ్బు. 'సిటీ ఆఫ్ విండ్' ఒక్క నిర్మాత సొమ్ముతో తీసింది కాదు; ఫ్రాన్స్, పోర్చుగల్ సహా చాలా దేశాల నిర్మాతలు కలిశారు. అలాంటి సొమ్ము కూడడానికి ఏళ్లు పడుతుంది. ఈలోగా నెల గడవాలంటే చేతిలో ఇంకో పని ఉండాలి: రాయడమో, ఎడిటింగో.

ఎరాస్మస్ ముండుస్ స్కాలర్‌షిప్‌లకు మన పిల్లలూ అర్హులే. వస్తే ఫీజు ఉండదు, నెలకు 1,400 యూరోలు ఇస్తారు. ప్రతి కోర్సుకూ ప్రతి ఏడాదీ ఉండకపోవచ్చు, కాబట్టి ముందు వెబ్‌సైట్ చూసుకోండి. రాకపోతే సొంత డబ్బుతో పంపొద్దు. మన దేశంలోని సినిమా కాలేజీలు పుణె ఎఫ్‌టీఐఐ, కోల్‌కతా సత్యజిత్ రే ఇన్‌స్టిట్యూట్ ఎంట్రన్స్‌లు ఏ డిగ్రీవాళ్లయినా రాయొచ్చు. మూడింటికీ ఒకేసారి సిద్ధం కమ్మనండి. బీకాం అమ్మాయికి సినిమా డిగ్రీ లేదు కనుక, దరఖాస్తుల నాటికి పది నిమిషాల సినిమా ఒకటి, రాసి ముగించిన స్క్రిప్టు ఒకటి చేతిలో ఉండాలి. ఇప్పుడు ఖర్చు పెట్టాలనుకుంటే ఆ పది నిమిషాల సినిమాకే పెట్టండి.